మూడు నెలల గడువు

2002 మే 7న సుప్రీంకోర్టు ఒక ఉత్తర్వు ఇచ్చింది. అండమాన్ ట్రంక్ రోడ్డులో జరావాల అడవి గుండా పోయే భాగాలను మూడు నెలల్లో మూసివేయాలన్నది అందులో ఒక మాట. మూడు నెలలంటే ఎంత? మన పల్లెల లెక్కన రోహిణి ఎండలు పోయి, తొలకరి పడి, ఏరువాక సాగి, ఆషాఢం వెళ్లి శ్రావణం గుమ్మంలోకి వచ్చేంత. ఆ శ్రావణానికి ఆ అడవిలో లారీ హారన్ వినిపించకూడదు. బస్సు కిటికీల్లోంచి చేతులు బయటికి చాచకూడదు. తారు పగిలి గడ్డి మొలవాలి, గడ్డి మీద తీగ పాకాలి, తీగల చాటున పిల్లల్ని వెంటేసుకుని అడవిపంది నింపాదిగా దాటిపోవాలి.

గడ్డి మొలవలేదు. ఈ కథ చివర ఏమయిందో మొదటే చెప్పేస్తున్నాను, దాచిపెట్టి ఊరించే ఓపిక నాకు లేదు. రోడ్డు మూయలేదు. ఆ శ్రావణం వెళ్లిపోయింది. దాని వెనకాల ఇరవైకి పైగా శ్రావణాలు వెళ్లిపోయాయి. ఇప్పుడు మనం చేయగలిగిందల్లా వెనక్కి నడిచి, ఎక్కడెక్కడ ఆగి ఉండొచ్చో, ఎక్కడెక్కడ ఆగకుండా వచ్చేశామో చూసుకోవడమే.

దక్షిణ అండమాన్, మధ్య అండమాన్ దీవుల పడమటి వైపు, కొండల వాలు సముద్రం దాకా దిగే చోట జరావాలు ఉంటారు. వేట, చేపలు, పీతలు, తేనె, దుంపలు, పళ్లు. విల్లు చేసుకోవడం తెలుసు, ఏ చెట్టు ఎప్పుడు కాస్తుందో తెలుసు, ఏ వాగులో ఏ కాలంలో నీళ్లుంటాయో తెలుసు. ఒకచోట కొన్నాళ్లుండి, అక్కడి నేల అలసిపోకముందే ఇంకోచోటికి కదులుతారు. వాళ్లకు భూమి పట్టా లేదు, పాస్ పుస్తకం లేదు, సర్వే నంబరు లేదు. తిరిగిన ప్రతి బాటా వాళ్లదే, అంతే.

వాళ్లు తమను తాము అనుకునే పేరు అంగ్. జరావా అన్నది పక్కవాళ్లు పెట్టిన పేరు. దక్షిణ అండమాన్‌లో ఉండిన ఆకా బెయా అనే తెగ వాళ్ల భాషలో ఆ మాటకు పరాయివాళ్లు అని అర్థం చెప్తారు. తమకు పొరుగున, తమతో పొసగకుండా, తమకు చిక్కకుండా తిరిగే మనుషులను చూసి ఆ బెయా వాళ్లు అలా పిలిచారు. ఆ పేరే ఇంగ్లీషువాళ్ల కాగితాల్లోకి ఎక్కింది, మన గెజెట్లలోకి, కోర్టు తీర్పుల్లోకి దిగింది. పేరు పెట్టిన బెయా వాళ్లు ఇప్పుడు లేరు. ఆ భాష మాట్లాడే నోరు ఒక్కటీ లేదు. పరాయివాళ్లని అనిపించుకున్నవాళ్లు మిగిలారు, అన్నవాళ్లు పోయారు. జరావాల గురించి రాసే ప్రతిసారీ, ప్రతి ఫైలు మీదా, పోయినవాళ్ల మాట ఒకటి పలుకుతూనే ఉంటుంది.

ఎలా పోయారో చెప్పకుండా రోడ్డు కథ చెప్పలేను. 1858లో ఇంగ్లీషువాళ్లు పోర్ట్ బ్లెయిర్‌లో ఖైదీల వలస పెట్టారు. అప్పటికి బెయా వాళ్లతో సహా గ్రేట్ అండమానీయులని మనం పిలిచే పది తెగలు కలిపి కొన్ని వేలమంది ఉండేవారని అంచనా. మరుసటి ఏడు 1859 మే నెలలో వాళ్లు ఆ వలస మీదికి బాణాలు పట్టుకుని వచ్చారు. అబర్డీన్ యుద్ధమని చెప్పుకునేది అదే. వాళ్లు వస్తున్నారన్న సంగతి ముందే చేరిపోయింది. దూధ్‌నాథ్ తివారీ అనే ఖైదీ అంతకు ముందు పారిపోయి అడవిలో పడితే, ఆ అడవి మనుషులే అతన్ని బతకనిచ్చి, తమలో కలుపుకుని, తమ ఆడపిల్లనిచ్చారు. అతనే తిరిగి వచ్చి చెప్పేశాడు. తిండి పెట్టిన చేతులను అప్పగించిన ఆ రోజు నుంచి వాళ్ల దిగజారుడు మొదలైందని అనలేం గానీ, ఆ దృశ్యం నన్ను వదలదు. తుపాకులు సిద్ధంగా ఉన్న ఒడ్డు, ఆ ఒడ్డు వైపు వస్తున్న మనుషులు.

యుద్ధం తర్వాత వచ్చింది అంతకంటే మెత్తనిది. అండమాన్ హోమ్స్ అని ఇళ్లు కట్టి, అడవిలో వాళ్లను అక్కడికి చేర్చి, బట్టలు, తిండి, పొగాకు ఇచ్చారు. మంచి చేస్తున్నామనే అనుకున్నారు. సిఫిలిస్ వచ్చింది. 1877లో తట్టు వచ్చింది. ఆ ఇళ్లలో నూటయాభై మంది పిల్లలు పుట్టారని, వాళ్లలో ఒక్కరూ రెండేళ్లు దాటి బతకలేదని చెప్తారు. ఈ వాక్యం దగ్గర నేను చాలాసేపు ఆగిపోయాను. నూటయాభై ఉయ్యాలలు అనుకోండి. తర్వాతి లెక్కలు జనాభా పుస్తకాల్లో ఉన్నాయి: 1901లో 625 మంది. 1911లో 455. 1921లో 209. 1931లో 90. 1951లో 23. 1961లో 19. పదేళ్లకోసారి ఒక గుమాస్తా వచ్చి రాసుకుపోయిన అంకెలివి. రాసుకుపోవడం మాత్రం ఎప్పుడూ ఆలస్యం కాలేదు.

మిగిలిన ఆ కొద్దిమందిని తర్వాత స్ట్రెయిట్ ఐలాండ్ అనే చిన్న దీవిలో ఉంచారు. వాళ్లలో బో భాష తెలిసిన చివరి మనిషి, బోవా సీనియర్ అని పిలిచే పెద్దామె, 2010 జనవరిలో కన్నుమూసింది. తన భాషలో బదులు పలికే మనిషి లేక ఆమె పిట్టలతో మాట్లాడుకునేదని, ఆమె దగ్గర కూర్చుని ఆ భాషను రాసుకున్న అన్వితా అబ్బీ చెప్పారు.

ఇదంతా ఒకవైపు జరుగుతుంటే, జరావాలు దూరం నుంచి చూస్తూ ఉండిపోయారు. వాళ్లు దగ్గరకు రాలేదు. వచ్చినవాళ్ల మీద బాణం వేశారు. పడమటి ఒడ్డుకు జరుగుతూ జరుగుతూ పోయారు. నూరేళ్లకు పైగా వాళ్లను కాపాడింది ఆ బాణమే, ఆ పగే, మనం మొరటుతనమని పేరు పెట్టిన ఆ తిరస్కారమే. పోర్ట్ బ్లెయిర్ కాగితాల్లో వాళ్లు ‘శత్రు తెగ’. తట్టుకు, పొగాకుకు, జాలికి చిక్కకుండా బతికిన తెగ అని ఎవరూ రాయలేదు.

స్వతంత్రం వచ్చాక ఒక మంచి పని జరిగింది. 1956లో ఆదిమ తెగల రక్షణ కోసం ఒక రెగ్యులేషన్ వచ్చింది. 1957లో జరావాల కోసం అడవిని రిజర్వుగా ప్రకటించారు. గీత గీసి, ఇది వాళ్లది, బయటివాళ్లు రాకూడదు అన్నారు. అక్కడ ఆగి ఉంటే ఈ వ్యాసం అక్కర్లేకపోయేది.

అదే కాలంలో తూర్పు బెంగాల్ నుంచి శరణార్థుల ఓడలు వస్తున్నాయి. దేశం రెండు ముక్కలై, ఉన్న పొలం, ఉన్న చెరువు, పూర్వీకుల చితి వెలిగిన చోటు అన్నీ అవతలివైపు వదిలేసి వచ్చినవాళ్లు. వాళ్లకు నేల కావాలి. వాళ్ల మీద నాకు కోపం లేదు. నేల పోయినవాడికి ఇంకొకడి నేల చూపించిన చేతి మీద ఉంది. ఊళ్లు వెలిశాయి, కలప మిల్లులు వచ్చాయి, ఊరికీ ఊరికీ మధ్య రోడ్డు కావాలన్నారు. పోర్ట్ బ్లెయిర్ నుంచి జిర్కటాంగ్, అక్కడి నుంచి మిడిల్ స్ట్రెయిట్, పడవ దాటి బారాటాంగ్, మళ్లీ పడవ దాటి కదమ్‌తలా, రంగత్, మాయాబందర్, ఆఖరున డిగ్లీపూర్. జిర్కటాంగ్ దాటాక రోడ్డు రిజర్వులో పడుతుంది. ఒక కాగితం మీద గీత గీసి ఇటు రావద్దన్న ప్రభుత్వమే, ఇంకో కాగితం మీద ఆ గీత లోపలి నుంచి ఇంకో గీత లాగింది.

అడవి ఒప్పుకోలేదు. పనివాళ్ల మీద బాణాలు పడ్డాయి. కూలికొచ్చిన పేదవాళ్లు చనిపోయారు. బుష్ పోలీసు కాపలాలో చెట్లు పడుతూనే ఉన్నాయి. తుపాకులకు జరావాల వైపు ఎందరు పోయారో సరైన లెక్క ఏ పుస్తకంలోనూ లేదు. మళ్లీ మళ్లీ అడ్డుపడ్డారు. అది వాళ్ల అభ్యంతర పత్రం. రోడ్డు వేసే ముందు ఊళ్లో దండోరా వేసి, ఎవరికైనా అభ్యంతరం ఉందా అని అడిగి, అడంగల్ చూసి, నోటీసు అంటించే పద్ధతి మన దగ్గరుంది. ఆ అడవి మనుషులు తమకు తెలిసిన ఒకే లిపిలో అభ్యంతరం రాశారు. చదివినవాళ్లు లేరు.

1974లో కొబ్బరికాయలు వచ్చాయి. పడమటి ఒడ్డుకు పడవలు వెళ్లి కొబ్బరికాయలు, అరటిపళ్లు, ఎర్రబట్ట ముక్కలు ఇచ్చి రావడం, మొదటిసారి వాళ్లు బాణం దించి దగ్గరకు వచ్చి అందుకోవడం. స్నేహయాత్రలని పేరు. ఆ ఫొటోలలో నవ్వులు నిజమైనవే. ఇచ్చినవాళ్ల మనసుల్లోనూ చాలామందికి మంచే ఉంది. కానీ ఒకవైపు ఒడ్డున కొబ్బరికాయ చేతిలో పెడుతూ, ఇంకోవైపు అడవి వెన్నులోంచి రోడ్డు లాగుతుంటే, ఆ కొబ్బరికాయకు అర్థమేమిటో తీసుకున్నవాళ్లకు ఎవరు చెప్పగలరు?

1996లో ఒక కుర్రాడి కాలు విరిగింది. కదమ్‌తలా దగ్గర ఊరివాళ్లకు దొరికాడు. అంతకు ముందైతే అలా దొరికిన మనిషికి ఏమయ్యేదో చెప్పలేం. ఈసారి పోర్ట్ బ్లెయిర్ ఆసుపత్రికి తీసుకెళ్లి, నెలల తరబడి చూసుకుని, నయం చేసి అడవికి పంపారు. మరుసటి ఏడు, 1997 అక్టోబరులో, జరావాలు విల్లమ్ములు లేకుండా ఊరి అంచుకు వచ్చి నిలబడ్డారు. పగటిపూట. నూరేళ్ల తిరస్కారం ఆ రోజు తనంతట తాను చేతులు దించింది. ఎందుకు వచ్చారో మనవాళ్లు రకరకాలుగా రాశారు. ఆకలని కొందరు, ఆ కుర్రాడు చెప్పిన మాటలని కొందరు, వేటంతా బయటివాళ్లు దోచుకుంటున్నారని కొందరు. నాకు కనిపించేది ఒక్కటే. ఆదరణ ఒక మనిషిని ఇంటికి చేర్చింది, ఆ మనిషి వెళ్లి చెప్పిన మంచిమాటే వాళ్లను రోడ్డు మీదికి తెచ్చిందేమో. మంచి మాటకు ఇంత ఖరీదు ఉంటుందని ఎవరనుకుంటారు?

రెండేళ్లు తిరగకుండా, 1999లో తట్టు వచ్చింది. 1877 నాటి అదే తట్టు. ఈసారి ఆసుపత్రి ఉంది, డాక్టర్లున్నారు, చాలామంది బతికారు. కానీ పేరు విన్నవాళ్లకు ఒళ్లు జలదరించింది. ఆ జలదరింపులోంచే కోర్టు కథ మొదలవుతుంది.

ఒక పిటిషన్ పోర్ట్ బ్లెయిర్‌లో కలకత్తా హైకోర్టు సర్క్యూట్ బెంచి ముందుకు వచ్చింది. స్థానిక న్యాయవాది ఒకరు వేశారు. జరావాలు రోగాలతో, ఆకలితో ఉన్నారు, వాళ్లను ఇలా వదిలేయకూడదు, ఆదుకోవాలి, నాగరిక జీవితంలోకి తేవాలి అన్నది దాని ధోరణి. 2001లో హైకోర్టు నిపుణుల కమిటీ వేయమని చెప్పింది. దీనికి సమాంతరంగా ఇంకో దారిలో ఇంకొందరు నడిచారు. అండమాన్‌లోని సేన్ అనే పర్యావరణ సంస్థ, కల్పవృక్ష్, బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ కలిసి అడవుల నరికివేత మీద వేసిన వ్యాజ్యం, హైకోర్టు మెట్లు దాటి సుప్రీంకోర్టులో గోదావర్మన్ కేసు అనే మహాప్రవాహంలో కలిసింది. దేశంలో అడవికి సంబంధించిన ప్రతి వాగూ వచ్చి కలిసే నది అది. 2001 నవంబరులో కోర్టు శేఖర్ సింగ్‌ను కమిషనర్‌గా పంపింది. ఆయన దీవులు తిరిగి, విని, చూసి 2002 ఫిబ్రవరిలో నివేదిక ఇచ్చారు. మే 7న కోర్టు దాన్ని కొద్ది మార్పులతో అంగీకరించింది.

ఇక్కడ ఒక్క క్షణం ఆగుదాం. మన దేశంలో భూమి దావాలంటే తెలుసు కదా. తాత వేసిన దావాకు మనవడు వాయిదాకు వెళ్తాడు. ట్రిబ్యునల్‌లో సభ్యుడు ఉండడు, ఉంటే ఫైలు ఉండదు, రెండూ ఉంటే వకీలు ఉండడు. ఆ ఆలస్యం తట్టుకోలేక, త్వరగా తేల్చమని పైకోర్టుకు మొరపెట్టుకోవడమే ఇంకో దావా అవుతుంది. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడని ఊరికే అనలేదు. అలాంటి దేశంలో, నవంబరులో కమిషనర్‌ను వేసి, ఫిబ్రవరికి నివేదిక తెప్పించి, మే నెలకు ఉత్తర్వు ఇచ్చేసింది న్యాయస్థానం. ఆరు నెలల్లో. ఆలస్యం కోర్టుది కాదు. అడవి మనుషుల విషయంలో న్యాయం ఈ ఒక్కసారి సకాలంలో, వాన రాకముందే వచ్చింది. దాన్ని తలుచుకుంటే దుఃఖం రెట్టింపవుతుంది.

ఇంకో సంగతి. రెండు దావాల్లోనూ జరావా వాది లేడు. వకాలత్‌నామా మీద జరావా వేలిముద్ర లేదు. ఒకరు వాళ్లను రక్షించడానికి దగ్గరకు తేవాలన్నారు, ఇంకొకరు రక్షించడానికి దూరంగా ఉంచాలన్నారు. అందరూ వాళ్ల తరఫునే మాట్లాడారు. బెంచి ముందు నిలబడి, ఈ దారి నాకు వద్దు అని చెప్పడానికి ఆ భాష తెలిసిన నోరు అక్కడ లేదు, ఆ భాష తెలిసిన చెవీ లేదు.

ఉత్తర్వులో చాలా మాటలున్నాయి. గిరిజన రిజర్వులలో చెట్లు కొట్టొద్దని, తీరంలో ఇసుక తవ్వకం ఏటేటా తగ్గించాలని. చెట్ల మాట చాలావరకు నిలబడింది. పెద్ద మానులు పడే చప్పుడు తగ్గింది, మిల్లులు మూతబడ్డాయి. అంటే కోర్టు మాట ఆ దీవుల దాకా వెళ్లలేదని ఎవరూ అనలేరు. వెళ్లింది. గొడ్డలి ఆగింది. చక్రం ఆగలేదు.

మే గడిచింది. అండమాన్‌లో వాన మనకంటే ముందే మొదలవుతుంది. జూన్ గడిచింది. జూలైలో కూడా చేయొచ్చు. నిజానికి ఒక గేటు దించి తాళం వేయడం ఎంతసేపు? కానీ గేటు వెనకాల ప్రశ్నలున్నాయి, అవి అబద్ధపు ప్రశ్నలు కావు. డిగ్లీపూర్‌లో పురిటినొప్పులు వచ్చిన తల్లి పెద్దాసుపత్రికి ఎలా రావాలి? రంగత్ రైతు కూరగాయలు ఎలా పంపాలి? ప్రభుత్వ యంత్రాంగం ఆ ప్రశ్నలనే పట్టుకుని, ఇది దీవుల జీవనాడి, మూయలేమని కోర్టుకు విన్నవించుకుంది. విన్నపం పెట్టాక గడువు అనే మాటకు పస పోయింది. ఆగస్టు 7 వచ్చింది. ఆ రోజు జిర్కటాంగ్ గేటు లేచింది, బండ్లు వరసగా లోపలికి వెళ్లాయి.

చుట్టూ సముద్రం ఉన్న చోట ఇది జరిగిందని గుర్తుపెట్టుకోండి. రోడ్డు లేని రోజుల్లో ఆ ఊళ్లు పడవల మీదే బతికాయి. నాలుగు మంచి ఓడలు, వేళకు నడిచే ఓడలు, రోగుల కోసం ఒక వేగమైన ఓడ పెట్టి ఉంటే ఆ తల్లి ప్రశ్నకు సమాధానం దొరికేది. ఇదే నా మనసును ఎక్కువగా కోసేది. వలస వచ్చినవాళ్ల అవసరానికీ అడవి మనుషుల బతుకుకూ మధ్య ఏదో ఒకటే ఎంచుకోవాల్సిన పరిస్థితి ఎన్నడూ లేదు. సముద్రం రెంటినీ మోసేది. బారాటాంగ్‌కు ప్రత్యామ్నాయ సముద్ర మార్గం ఇస్తామన్న మాట ఏళ్ల తరబడి మాటగానే నానింది. తీరా ఆ దారి 2017లో వచ్చేసరికి, రోడ్డు అందరికీ అలవాటైపోయింది.

అందరికీ అంటే మనకు కూడా. ఆ దీవుల్లో 2011 లెక్కల ప్రకారం నూటికి 13 మంది దాకా తెలుగు మాతృభాషగా ఉన్నవాళ్లే. విశాఖ రేవు నుంచి పోర్ట్ బ్లెయిర్‌కు ఓడ నడిచేది మన మేస్త్రీల కోసం, మన మత్స్యకారుల కోసం, చుట్టపుచూపుగా వెళ్లే మన అమ్మల కోసం. వాళ్లూ ఆ రోడ్డు మీద ప్రయాణించారు. సెలవుల్లో సున్నపురాయి గుహలు చూడ్డానికి బారాటాంగ్ వెళ్లే మన యాత్రికుల బస్సులూ ఆ అడవి గుండానే పోయాయి. ఈ విషాదంలో పరాయివాళ్లు ఎవరని వేలు పెట్టి చూపబోతే ఆ వేలు మన కిటికీ వైపు తిరుగుతుంది.

2004 డిసెంబరు 21న జరావాల విధానం ప్రకటించారు. హైకోర్టు చెప్పిన కమిటీ పనిలోంచి వచ్చిన ఫలం అది. వాళ్లను బలవంతంగా మన దారిలోకి లాగొద్దని, వాళ్ల బతుకు మీద వాళ్లకే అధికారం ఉండాలని, వాళ్ల అడవిని కాపాడాలని అందులో ఉంది. రిజర్వు వైశాల్యం 1,028 చదరపు కిలోమీటర్లకు పెరిగింది. ఇంత మర్యాదగా మన ప్రభుత్వం ఒక చిన్న తెగ గురించి మాట్లాడటం అరుదు. రోడ్డు దగ్గరికి వచ్చేసరికి మాత్రం ఆ విధానం గొంతు తగ్గించింది. రాకపోకలు నియంత్రిస్తామంది, మూస్తామనలేదు. సుప్రీంకోర్టు మూయమన్నదానికి అప్పటికి రెండున్నరేళ్లు. ఆ కాగితం వెలువడిన అయిదో రోజున, డిసెంబరు 26 ఉదయం, సముద్రం లేచింది. దీవులకు దీవులే వణికిపోయిన ఆ వేళ జరావాలు క్షేమంగా బయటపడ్డారు. సునామీ నుంచి తప్పించుకోవడం వాళ్లకు తెలుసు.

రోడ్డు నుంచి తప్పించుకోవడం తెలియలేదు. దానికి పాత జ్ఞానం లేదు. బండి ఆగుతుంది, చేయి చాచితే బిస్కెట్ వస్తుంది. ఇంకోసారి ఆగితే పాన్ వస్తుంది, ఖైనీ వస్తుంది. చీకటి పడ్డాక వచ్చే ఇంకొకడు సారా తెస్తాడు, దానికి బదులు పీతలు, జింక మాంసం, ఇంకా అడగకూడనివి అడుగుతాడు. చెట్టెక్కి తేనె తీసే కుర్రాడు రోడ్డు పక్కన బండి కోసం కూర్చున్న పూట, ఆ చెట్టు ఎక్కడుందో తమ్ముడికి చూపించేవాళ్లు లేరు. ఇది అంకెల్లో దొరకదు.

అంకెలు వేరే చెప్తాయి, అదీ నిజాయితీగా చెప్పాలి. 2001 జనాభా లెక్కల్లో జరావాలు 240 మంది. 2011లో 380 మంది. గ్రేట్ అండమానీయులకు పట్టిన గతి వాళ్లకు పట్టలేదు. టీకాలు వేసిన నర్సులకు, కాపలా తిరిగిన చిన్న ఉద్యోగులకు ఆ పుణ్యంలో భాగం ఉంది. నేను వాళ్లు చచ్చిపోయారని ఏడవడం లేదు. బతికే ఉన్న మనిషి ఇంటి ముందు రోజూ బస్సు ఆపి, కిటికీలోంచి తొంగిచూసి, చేయూపి, చిల్లర విసిరి వెళ్తుంటే, ఆ ఇంటిలోంచి ఏదో ఒకటి పోతుంది. దానికి జనాభా లెక్కల్లో గడి లేదు.

2012 జనవరిలో ప్రపంచమంతా అది చూసింది. లండన్ పత్రిక ఒకటి ఒక వీడియో బయటపెట్టింది. రోడ్డు పక్కన జరావా ఆడపిల్లలు, ఎదురుగా యూనిఫాం ఉన్న మనిషి, తిండి ఇస్తాం ఆడమనే గొంతు. ఆ పిల్లలు ఆడారు. ఆ వీడియో గురించి ఇంతకంటే వర్ణించను, మళ్లీ ఆడించినట్టవుతుంది. పార్లమెంటు, పత్రికలు, ప్రకటనలు, విచారణలు. రిజర్వు చుట్టూ 5 కిలోమీటర్ల మేర రక్షణ వలయం గీసిన నోటిఫికేషన్ 2007 నుంచే ఉంది. అదీ ఇంకో దావాలో చిక్కుకుని నలుగుతోంది. ఆ దావాలోనే 2013 జనవరి 21న సుప్రీంకోర్టు యాత్రికులు ఈ రోడ్డు మీద వెళ్లకూడదంది.

వెళ్లలేదు. పదకొండేళ్ల తర్వాత మొదటిసారి, గేటు దగ్గర యాత్రికుల బండ్లు వెనక్కి తిరిగాయి. అడవికి పూర్తి నిశ్శబ్దం రాలేదు, స్థానికుల బస్సులు తిరుగుతూనే ఉన్నాయి. కానీ కెమెరాల కళ్లు లేవు. 2002లో రాకుండా పోయినదానిలో ఒక చిన్న ముక్క వచ్చింది. ఎన్ని రోజులు? లెక్కపెట్టాను. మార్చి 5న ఆ నిషేధం ఎత్తేశారు. గుహలకు దారి వదిలేలా కొత్త నోటిఫికేషన్ అప్పటికే వచ్చేసింది. నలభై మూడు రోజులు. మూడు నెలల గడువులో సగం కూడా కాదు.

ఆ నలభై మూడు రోజుల్లో అడవిలో ఏం జరిగిందో ఎవరూ చూడలేదు. చూడకపోవడమే అప్పుడు జరిగిన మేలు. రోడ్డు పక్కకు అలవాటుగా వచ్చి నిలబడిన పిల్లలు, బండి ఆగకపోతే కాసేపు చూసి, విసుగెత్తి, వాగు వైపు పరుగెత్తి ఉంటారా? ఒక పూటైనా మరిచిపోయి ఉంటారా? నాకు అలా అనుకోవాలని ఉంది.

ఇప్పుడు ఆ రోడ్డు నాలుగో నంబరు జాతీయ రహదారి. వెడల్పు చేశారు. హంఫ్రీ జలసంధి మీద పడవ పోయి వంతెన వచ్చింది. 2024లో పోర్ట్ బ్లెయిర్ పేరు శ్రీ విజయపురం అయింది. 2002 మే నెలలో ఆ అడవిలో తల్లి ఒళ్లో ఉన్న బిడ్డ ఎవరైనా ఉంటే, ఇప్పుడు ఒళ్లో బిడ్డ ఉన్న మనిషై ఉంటారు. ఆ ఇద్దరికీ రోడ్డు ఒక వాగులాంటిది, ఎప్పటి నుంచో అక్కడే ఉన్నది. దాన్ని మూయమని ఒకసారి ఎవరో చెప్పారని, గడువు కూడా పెట్టారని, ఆ మాట వాళ్లకు వాళ్ల భాషలో ఎప్పుడైనా ఎవరైనా చెప్పారా?

నిబంధనల ప్రకారం రాత్రిపూట రిజర్వులో బండ్లు వెళ్లకూడదు. మధ్యాహ్నం ఆఖరి కాన్వాయ్ దాటాక గేటు దించుతారు. దుమ్ము మెల్లగా ఆకుల మీద వాలుతుంది. తారు చల్లబడుతుంది. కీచురాళ్లు మొదలవుతాయి. వానాకాలమైతే ఆ దారి మీద నీళ్లు పారి, అటు కొండా ఇటు కొండా ఒక్కటే అడవిగా వినిపిస్తాయి. పందో, ఉడుమో, మనిషో, ఎవరు ఎటు దాటినా చూసేవాళ్లు ఉండరు. పొద్దున ఆరింటికి జిర్కటాంగ్‌లో మొదటి బండి స్టార్టయ్యేదాకా.